చక్రవర్తి కొట్టిన వన్స్ మోర్

అధ్యక్షులవారికీ, వేదిక మీది పెద్దలకీ, ఈ ఉక్కలో కూడా లేచిపోకుండా కూర్చున్న మీ అందరికీ నమస్కారం. నాకిచ్చింది ఇరవై నిమిషాలు. నా పరిచయానికే ఎనిమిది పోయాయి. మిగతా మర్యాదలన్నీ జరిగిపోయినట్టే అనుకోండి.

ముందొక దిద్దుబాటు. కరపత్రంలో ‘సిమరోస’ అని అచ్చయింది. కాదు, చిమరోజా. దొమెనీకో చిమరోజా, ఒపెరాలు రాసిన ఇటలీ సంగీతకర్త. తెనాలిలో ఆయన్ని తలిచేవాళ్ళే లేరు, తలిచిన ఒక్కరోజైనా పేరు సరిగ్గా పలుకుదాం.

1749 డిసెంబరు 17న ఇటలీలో, నేపుల్స్ దగ్గర ఆవెర్సా అనే ఊళ్ళో పుట్టాడు. తండ్రి తాపీమేస్త్రి. కపోదిమోంతె కొండ మీద రాజుగారి ప్యాలెస్ కట్టే పనిలో పరంజా మీంచి పడి చచ్చిపోయాడు. తల్లి ఒక మఠంలో సన్యాసుల బట్టలు ఉతికేది. ఆ మఠంలో ఆర్గన్ వాయించే ఆయన ఈ కుర్రాణ్ణి చేరదీసి స్వరాలు నేర్పాడు. 1761లో సాంతా మరియా ది లోరెతో కన్సర్వేటరీలో చేర్చారు. కన్సర్వేటరీ అంటే ఇవాళ మనకి పెద్ద సంగీత కళాశాల. నేపుల్స్‌లో అవి మొదట్లో దిక్కులేని పిల్లల్ని సాకే ఇళ్ళు. కాపాడే చోటు అని ఆ మాటకి అర్థం. సాకినవాళ్ళకి ఏదో ఒక పొట్టకూటి విద్య చెప్పాలి కదా, సంగీతం చెప్పారు. పదకొండేళ్ళున్నాడక్కడ. 1772లో మొదటి ఒపెరా, అంటే మొత్తం పాడుతూ నడిపే నాటకం. చనిపోయేలోపు అరవై పైచిలుకు రాశాడు. ఎక్కువ భాగం నవ్వించేవే.

ఒపెరా బుఫా అంటారు వాటిని. దేవుళ్ళుండరు, చక్రవర్తులుండరు. పిసినారి షావుకారు, పెళ్ళి కాని చెల్లెలు, గడుసు పనిమనిషి, అప్పుల్లో మునిగిన జమీందారు, వీళ్ళే పాత్రలు. మాటలు కూడా పాటలోనే నడుస్తాయి, వెనక హార్ప్సికార్డు అనే మెట్ల వాద్యం టుంగుటుంగుమంటూ శ్రుతి అందిస్తుంది. అంకం చివరికొచ్చేసరికి అసలు మజా. అందరూ ఒకేసారి రంగం మీదికొచ్చి ఒకేసారి పాడతారు. ఒకడు కోపంతో, ఒకతె భయంతో, ఇంకొకడికి అసలేం జరుగుతోందో తెలియక. మన పద్య నాటకంలో కృష్ణుడు పద్యం పాడుతుంటే దుర్యోధనుడు మీసం దువ్వుకుంటూ తన వంతు కోసం ఎదురుచూస్తాడు. అదొక అందం, కాదనను. కానీ ఆరుగురు ఆరు ఉద్దేశాలతో ఒక్కసారే పాడుతుంటే, ఎవడి బాధ వాడిది మనకి విడివిడిగా వినపడటం ఉందే... మా నాన్న వింటే ఏమనేవాడో.

మా నాన్న హార్మోనిస్టు. ఆ సంగతి తర్వాత చెబుతాను.

1787లో రష్యా రాణి కేథరిన్ పిలిస్తే సెయింట్ పీటర్స్‌బర్గ్ వెళ్ళాడు. నవ్వించేవాడని పిలిపించారా, వెళ్ళిన కొత్తలోనే అక్కడి నేపుల్స్ రాయబారి భార్య చనిపోతే ఆవిడ కోసం రెక్వియం, అంటే అంత్యక్రియల సంగీతం, రాయాల్సొచ్చింది. జి మైనర్ అనే దిగులు స్వరవరసలో ఉంటుంది. ఒక్కసారి వినండి, ఈ మనిషికి ఏడిపించడం రాక నవ్వించలేదని తెలుస్తుంది. 1791లో రష్యా వదిలి ఆస్ట్రియాలోని వియన్నా చేరాడు. ఆ డిసెంబరు 5న మహా సంగీతకర్త మోజార్ట్ అదే ఊళ్ళో పోయాడు. రెండు నెలలు గడిచాక, 1792 ఫిబ్రవరి 7న, బుర్గ్ థియేటర్లో చిమరోజా ‘ఇల్ మాత్రిమోనియో సెగ్రెతో’ ఆడించాడు. రహస్య వివాహం.

కథ ఇదీ. ఇటలీలో బొలోన్యా అనే ఊళ్ళో జెరోనిమో అనే షావుకారు. చెవుడు. ఒప్పుకోడు. మన ఇళ్ళల్లో లేరూ? చిన్న కూతురు కరోలినా ఆయన గుమస్తా పావొలీనోని గుట్టుగా పెళ్ళాడేసింది. పెద్ద కూతురికి ఒక కౌంట్‌గారిని, అంటే బిరుదున్న దొరని, కుదిర్చాడు, కట్నం లక్ష స్కూడీలు, అంటే అప్పటి ఇటలీ వెండి నాణేలు. కౌంట్ వచ్చి చూసి, నాకు పెద్దది వద్దు చిన్నది కావాలంటాడు. ఇటు షావుకారు చెల్లెలు, విధవరాలు, అదే గుమస్తా మీద మనసు పడింది. గుమస్తా గతి ఆలోచించండి. రెండో అంకం మొదట్లో కౌంట్, చెవిటి మావగారూ తగువుకి దిగుతారు. ఇద్దరివీ మంద్రంలో పలికే గొంతులే, ఇద్దరూ గసపెడుతూ పాడతారు. పిల్లని మార్చితే కట్నంలో యాభై వేలు వదులుకుంటానంటాడు కౌంట్. అంతసేపూ ప్రతిమాటా రెండుసార్లు చెప్పించుకున్న ముసలాయనకి ఆ యాభై వేల మాట మాత్రం ఇట్టే వినపడుతుంది! అక్కడ తాళం నడక మారుతుంది చూడండి, కోపంగా తొక్కే అడుగు కాస్తా బేరమాడే అడుగైపోతుంది.

ఇప్పుడు అందరూ చెప్పుకునే కథ. ఆ రాత్రి నాటకం అయిపోయాక వియన్నాలో ఉండి ఏలే లియోపోల్డ్ చక్రవర్తి అందరికీ భోజనాలు పెట్టించి, తిన్నాక మళ్ళీ మొదలెట్టమన్నాడట. పాట కాదండీ, మొత్తం ఒపెరా! మనమూ వన్స్ మోర్ కొడతాం. పద్యానికి కొడతాం, రాగం తీస్తే రెండుసార్లు కొడతాం. ఈ ఊరికి ఆ మాట నేనేం నేర్పాలి? కానీ మూడు గంటల నాటకానికి వన్స్ మోర్ కొట్టిన ప్రేక్షకుణ్ణి ఎక్కడన్నా చూశారా? మూడు వారాలు దాటాయో లేదో, మార్చి 1న ఆ చక్రవర్తి పోయాడు. చిమరోజా 1793లో నేపుల్స్ తిరిగొచ్చాడు. అక్కడ అదే నాటకం వందకు పైగా ఆడింది.

స్టెంధాల్ అని ఫ్రెంచి నవలాకారుడు. 1800లో పదిహేడేళ్ళ కుర్రాడిగా నెపోలియన్ సైన్యం వెంట ఇటలీలో దిగి, ఒక చిన్న ఊళ్ళో ఈ నాటకం చూశాడు. కరోలినా వేషం కట్టినావిడకి ముందుపన్ను లేదట! అయినా జన్మంతా ఆ రాత్రిని మర్చిపోలేదు. తన సమాధి మీద చిమరోజా, మోజార్ట్, షేక్‌స్పియర్లని ఆరాధించినవాడని రాయించుకోవాలనుకున్నాడు. చిమరోజా పేరు ముందుంది, గమనించారా?

సంగీతంలో హాస్యం ఎలా పుడుతుందో చెబుతానని కార్యదర్శిగారికి మాటిచ్చాను. కాగితాలు కూడా రాసుకొచ్చాను, ఇవిగో. కానీ నిన్న రాత్రంతా ఈ మనిషి చివరి రెండేళ్ళే బుర్రలో తిరిగాయి. అవే చెబుతాను.

1798 డిసెంబరులో ఫ్రెంచి సైన్యానికి భయపడి నేపుల్స్ రాజు ఫెర్డినాండు ఇంగ్లీషు నౌకాసేనాని నెల్సన్ ఓడెక్కి సిసిలీ దీవిలోని పలెర్మో పారిపోయాడు. జనవరిలో నేపుల్స్ రిపబ్లిక్ అయింది. కొత్త ప్రభుత్వం పాట కావాలంది. చిమరోజా దేశభక్తి గీతానికి బాణీ కట్టాడు. మే 19న రాజు జెండాలు తగలబెట్టే సభలో పాడారు. జూన్‌లో రాజు మనుషులు తిరిగొచ్చారు. రిపబ్లిక్ పత్రిక నడిపిన ఎలియొనోరా పిమెంతెల్‌ని ఆగస్టులో ఉరి తీశారు. చిమరోజా హడలిపోయి రాజుగారిని పొగుడుతూ ఇంకో పాట కట్టాడు. నమ్ముతారా ఎవరైనా? డిసెంబరులో పట్టుకెళ్ళి నాలుగు నెలలు జైల్లో పెట్టారు.

పుస్తకాల్లో ఇక్కడ ఒక మాట తగిలిస్తారు, అవకాశవాది అని. అయ్యా, మా నాన్న గురించీ అదే అన్నారు.

ఒక ఎన్నికల్లో మా నాన్న పొద్దున ఒక పార్టీకి, సాయంత్రం ఇంకో పార్టీకి ప్రచారం పాటలకి వరసలు కట్టాడు. వరస ఒకటే, మాటలు వేరు. రోజుకి ఎంతిచ్చారో కూడా నాకు గుర్తుంది. మా అమ్మ ఆ డబ్బుతో బియ్యం బస్తా తెప్పించింది. ఓట్ల లెక్కింపైన రాత్రి నలుగురు వచ్చారు. ఆయన్ని ఏమీ అనలేదు. హార్మోనియం పెట్టె తీసుకెళ్ళి కాలవలో వేశారు. తెల్లారి మేమే దిగి వెతికి తీశాం. నాన్న దాన్ని విప్పి రీడ్లు ఒక్కొక్కటీ పాత పంచె మీద ఆరబెట్టాడు. అన్నీ పలికాయి, మధ్య స్థాయి ధైవతం తప్ప. దానికి కొత్త రీడు వేయించలేదు. ఆ మెట్టు దాటేస్తూ వాయించడం అలవాటు చేసుకున్నాడు. వినేవాళ్ళకి తెలిసేది కాదు, నాకు తెలిసేది. వేళ్ళు అక్కడ చిన్న గెంతు గెంతేవి.

పాట అడిగినవాడిని వదిలేసి కట్టినవాణ్ణి పట్టుకుంటారేం? మీరే చెప్పండి. ముందు వరసలో కూర్చున్నారు, ఎన్నికల్లో పాటలు కట్టించినవాళ్ళు మీలో లేరా?

సరే. చీటీ వచ్చింది, చూశాను.

జైలు నుంచి వదిలాక వెనిస్ వెళ్ళాడు. ‘ఆర్తెమీజియా’ అని ఒపెరా రాస్తూ, అది పూర్తికాకుండానే 1801 జనవరి 11న పోయాడు. యాభై ఒక్కేళ్ళు. నేపుల్స్ రాణి విషం పెట్టించిందని ఊరంతా గుప్పుమంది. కడుపులో జబ్బుతోనే పోయాడని డాక్టరు చేత రాతపూర్వకంగా ప్రకటన ఇప్పించాల్సొచ్చింది. తర్వాత శిల్పి కనోవా ఆయన తల చెక్కితే, దాన్ని రోమ్‌లో పాంథియన్ అనే ప్రాచీన ఆలయంలో పెట్టారు. రాయి చెక్కుకు బతికిన తాపీమేస్త్రి కొడుకండీ.

కాగితాల్లో హాస్యం గురించి రాసిందంతా మిగిలిపోయింది. చెవిటి మావగారి యుగళం తెచ్చాను, ఫోన్లో ఉంది, మైకు దగ్గర పెడితే వినపడుతుంది. కాస్త ఆ ఫ్యాన్లు ఆపించండి, రొద ఎక్కువగా ఉంది. బాబూ, పెట్టు.