పొరల కింద ఏముంది: గెర్హార్డ్ రిక్టర్ చిత్రకళపై చర్చ

(హైదరాబాద్ స్టూడియోలో జరిగిన చర్చా కార్యక్రమం నుంచి. పాల్గొన్నవారు: ఒక కళా విమర్శకురాలు, నగరంలో పనిచేస్తున్న ఒక నైరూప్య చిత్రకారుడు.)

సమన్వయకర్త: నమస్కారం. 1932లో డ్రెస్డెన్‌లో పుట్టిన జర్మన్ చిత్రకారుడు గెర్హార్డ్ రిక్టర్ ఫొటోలను చూసి బొమ్మలు వేశారు, ఏ రూపమూ లేని రంగుల చిత్రాలూ వేశారు. వీటిలో ఏది అసలు రిక్టర్? మేడమ్, మీరు మొదలుపెట్టండి.

విమర్శకురాలు: వాటిని విడదీయడంతోనే నాకు పేచీ ఉందండి. తూర్పు జర్మనీలో ఆయన నేర్చుకున్నది కుడ్యచిత్రకళ; అక్కడ బొమ్మ ఏం చెప్పాలో ప్రభుత్వమే నిర్ణయించేది. 1959లో పశ్చిమ జర్మనీలోని కాసెల్‌లో జరిగిన డాక్యుమెంటా అనే ఆధునిక కళా ప్రదర్శనలో నైరూప్య కళాకారులు పొల్లాక్, ఫోంటానాల పని చూసి కదిలిపోయిన ఆయన, 1961లో బెర్లిన్ గోడ లేవడానికి కొన్ని నెలల ముందు పశ్చిమ జర్మనీకి వెళ్లిపోయారు. అంత తెగించి వెళ్లిన మనిషి నేరుగా నైరూప్యంలోకి దూకి ఉంటారనుకుంటాం. కానీ తన చిత్రాల జాబితాలో ఒకటో నంబరు ఇచ్చుకున్న 1962 నాటి ‘బల్ల’ను చూడండి. పత్రికలో వచ్చిన ఫొటో ఆధారంగా ఒక బల్లను వేసి, దాని మీద బూడిదరంగును సుడులు తిప్పి సగం చెరిపేశారు. రూపమూ, దాన్ని చెరిపే చెయ్యీ అప్పుడే ఒకే క్యాన్వాస్ మీద ఉన్నాయి.

చిత్రకారుడు: ఆ చెరపడమే తర్వాత పద్ధతిగా మారింది. 1980ల నుంచి ఆయన స్క్వీజీని, అంటే పిడి ఉన్న పొడవాటి ప్లాస్టిక్ పలకను, ప్రధాన పనిముట్టుగా చేసుకున్నారు. దాని అంచుకు రంగు పూసి క్యాన్వాస్ మీదుగా లాగితే, కొత్త రంగు కొన్నిచోట్ల అంటుకుంటుంది, కొన్నిచోట్ల కింది తడి పొరను లేపుకుపోతుంది. ఎక్కడ ఏది జరుగుతుందో చేతికి పూర్తిగా తెలియదు. ఆయిల్ రంగు నెమ్మదిగా ఆరుతుంది కాబట్టే ఇది సాధ్యం. మన దగ్గర కుర్రవాళ్లు ఇదే పనిని అక్రిలిక్‌తో, అదీ మే నెల ఎండల్లో ప్రయత్నిస్తే, పలక సగం దూరం వెళ్లేలోపే రంగు బిగుసుకుపోతుంది. అయితే యాదృచ్ఛికత వల్లే చిత్రం వస్తుందనుకోవడం పొరపాటు. ప్రతిసారి లాగాక నిలబడి చూసి, ఉంచాలా, మళ్లీ కప్పేయాలా అని తేల్చుకోవడమే అసలు పని.

సమన్వయకర్త: 2007లో జర్మనీలోని కొలోన్ కెథెడ్రల్‌కు, అంటే అక్కడి పెద్ద చర్చికి, ఆయన రూపొందించిన కిటికీ కూడా అలాంటిదేనా?

చిత్రకారుడు: అక్కడ 72 రంగుల్లో దాదాపు 11 వేల గాజు చదరాలున్నాయి. వాటి అమరికను చాలావరకు కంప్యూటర్‌కు వదిలి, తర్వాత కొన్ని మార్పులు చేశారు. ఇది మసీదుకైతే బాగుంటుందని అక్కడి కార్డినల్ ఒకరు పెదవి విరిచారట. మన ఊళ్లో ఆ మాట విమర్శలా వినిపించదు. మొహర్రం సంతాప మందిరమైన బాద్‌షాహీ ఆషుర్‌ఖానా గోడల మీది రంగు పలకలను చూసిన కళ్లకు అది పొగడ్తే.

సమన్వయకర్త: మరి ధరల సంగతి?

విమర్శకురాలు: 1986 నాటి ఒక నైరూప్య చిత్రం 2015లో లండన్ వేలంలో 3 కోట్ల పౌండ్లు దాటింది. అది కొన్నవారి గురించి చెబుతుంది, చిత్రం గురించి చెప్పదు. మాట్లాడవలసింది 2014 నాటి ‘బిర్కెనావ్’ గురించి. 1944లో నాజీల ఆష్విట్జ్-బిర్కెనావ్ మారణ శిబిరంలో ఖైదీలు ప్రాణాలకు తెగించి రహస్యంగా తీసిన నాలుగు ఫొటోలను రిక్టర్ నాలుగు పెద్ద క్యాన్వాస్‌ల మీదికి ఎక్కించి, వాటిపై పొరల మీద పొరలు లాగారు. ఇప్పుడు ఫొటోల జాడ కనిపించదు. శీర్షిక తీసేస్తే అవి ఆయన మిగతా నైరూప్య చిత్రాల్లో కలిసిపోవా అన్నది నా సందేహం.

చిత్రకారుడు: కలిసిపోవచ్చు. కానీ ఆ దృశ్యాన్ని అందంగా వేయడం అన్యాయం, వేయకుండా వదిలేయడమూ అన్యాయమే. వేసి కప్పడం మూడో దారి. పైగా ఆ ఫొటోల ప్రతులను, ఎదురుగా బూడిదరంగు అద్దాలను పెట్టి ప్రదర్శించారు కదా. చూసేవారు తామూ ఆ గదిలో ఉన్నామని మరిచిపోలేరు.

విమర్శకురాలు: అద్దాల విషయంలో ఒప్పుకుంటాను. అయితే పక్కన ఫొటోలు పెట్టవలసి వచ్చిందంటే, క్యాన్వాస్ ఒంటరిగా ఆ బరువు మోయలేదని చిత్రకారుడే అంగీకరించినట్టు కాదా? జైల్లో చనిపోయిన, పశ్చిమ జర్మనీకి చెందిన బాడర్-మైన్‌హాఫ్ ముఠా వామపక్ష తీవ్రవాదుల మీద 1988లో వేసిన 15 చిత్రాలు మసకగా ఉన్నా, ముఖం, రికార్డ్ ప్లేయర్ కనిపిస్తాయి. వాటితో నేను వాదించగలను. ‘బిర్కెనావ్’ ముందు మాత్రం కింద అది ఉందన్న మాటను నమ్మవలసి వస్తుంది.