రాయి వయసు వేరు, రాయిని నిలబెట్టిన వయసు వేరు

[దృశ్యం: తెల్లవారుజాము, కృష్ణ ఒడ్డు. ముడుమాల నిలువురాళ్ల పొడవాటి నీడలు. సంగీతం వద్దు, గాలి చప్పుడు చాలు.]

వ్యాఖ్యానం:
ఇది ముడుమాల. ఇప్పుడు నారాయణపేట జిల్లా, మొన్నటిదాకా మహబూబ్‌నగర్. ఇక్కడ దాదాపు 80 నిలువురాళ్లున్నాయి. ఒక్కొక్కటి 10 నుంచి 14 అడుగుల ఎత్తు. ఊరివాళ్లు నిలువురాళ్ల తిమ్మప్ప అని మొక్కుతారు. ఒక రాయిని ఎల్లమ్మగా కొలుస్తారు. 2025లో వీటిని యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో చేర్చారు.

ఇక్కడికి వచ్చినవాళ్లంతా అడిగేది ఒకటే. "ఈ రాళ్లు ఎన్నేళ్లవి?"

రాయి సుమారు 250 కోట్ల ఏళ్లది. పాలమూరు, నల్లగొండ గుట్టల గ్రానైట్‌లో చాలా భాగం ఆ కాలంలో పుట్టిందే. నిలబెట్టింది మాత్రం 3,500 నుంచి 4,000 ఏళ్ల కిందట అని ఆ జాబితా చెబుతోంది. మరి ల్యాబ్‌కు ఈ రాయి ముక్క పంపిస్తే ఏ వయసు వస్తుంది? మొదటిదే వస్తుంది. మనకు కావాల్సింది రెండోది. దాన్ని పట్టుకోవడం ఎట్లా అన్నదే ఈ వీడియో.

[తెరపై: గడియారం ఎప్పుడు మొదలైంది?]

కాలం లెక్కగట్టే ప్రతి పద్ధతిలోనూ ఒక గడియారం ఉంటుంది. అది ఏదో ఒక సంఘటనతో మొదలవుతుంది. చెట్టు చచ్చిపోవడం, కుండ కాలడం, ఇసుక రేణువు చీకట్లోకి పోవడం, ఇట్లాంటివి. మనం అడిగే సంఘటన, గడియారం మొదలైన సంఘటన ఒకటేనా అని చూసుకోవాలి. తప్పులు ఎక్కువగా జరిగేది అక్కడే.

[దృశ్యం: బూడిద దిబ్బ. మట్టి పొరలు దగ్గరగా.]

ముడుమాల నుంచి మక్తల్ వైపు ఉట్నూరు అనే ఊరుంది. ఆదిలాబాద్ ఉట్నూరు వేరు, ఇది మన పాలమూరుది. ఇక్కడి బూడిద దిబ్బను 1957లో బ్రిటిష్ పురావస్తు పరిశోధకుడు రేమండ్ ఆల్చిన్ తవ్వారు. అది పేడ కాలిన బూడిద. దుంగలు పాతి కట్టిన పెద్ద పశువుల దొడ్డి ఆనవాళ్లు, మట్టిలో పశువుల గిట్టల ముద్రలు బయటపడ్డాయి. అంతకాలం నిలిచిన ఆ గిట్టల ముద్రల గురించి మొదటిసారి చదివినప్పుడు నాకు ఒళ్లు జలదరించింది. పొద్దున దొడ్డి తలుపు తీసిన మనిషి, బయటికి పోయే ఎద్దులు, అంతా కళ్లముందే కనిపించింది.

ఈ దిబ్బ వయసు తేల్చింది రేడియోకార్బన్ పద్ధతి. ఆకాశంలో చాలా ఎత్తున, అంతరిక్షం నుంచి వచ్చే కిరణాల వల్ల నైట్రోజన్ కొద్దికొద్దిగా కార్బన్-14గా మారుతుంది. గడ్డి దాన్ని గాలిలోంచి తీసుకుంటుంది, గడ్డి మేసి ఆవు తీసుకుంటుంది. చచ్చిపోతే తీసుకోవడం ఆగిపోతుంది. అప్పటి నుంచి ఉన్నది తరుగుతూ పోతుంది. 5,730 ఏళ్లకు సగం, 11,460 ఏళ్లకు పావు మిగులుతుంది. 4,000 ఏళ్ల నాటి బొగ్గులో దాదాపు 62 శాతం ఉంటుంది. 50,000 ఏళ్లు దాటితే కొలవడానికి ఏమీ మిగలదు. 1940ల చివర్లో షికాగోలో ఈ పద్ధతిని తయారుచేసిన విల్లర్డ్ లిబ్బీకి 1960లో రసాయనశాస్త్ర నోబెల్ వచ్చింది.

ఉట్నూరు దిబ్బ 4,000 ఏళ్లకు పైబడినదని ఈ లెక్కతోనే తేలింది. ఇట్లాంటి చోట పేడ చేసే మేలు ఒకటుంది. ఒక పెద్ద చెట్టు నడిమి చేవ 200 ఏళ్ల కిందటే పెరగడం మానేసి ఉండవచ్చు. దాన్ని నరికి దూలం చేసి, ఆ దూలం కాలితే, బొగ్గు వయసు మంట వయసుకన్నా 200 ఏళ్లు ఎక్కువ చూపిస్తుంది. పేడలో ఉండేది ఈ ఏడో పోయిన ఏడో మొలిచిన గడ్డి. అందుకే పేడలో బూడిద కాకుండా మాడి మిగిలిన గడ్డి పోచ దొరికినా, పొయ్యిలో మాడిన ఉలవ గింజ దొరికినా పురావస్తువాళ్లు అంతగా సంబరపడతారు. ఇప్పుడు కార్బన్-14 పరమాణువులను నేరుగా లెక్కపెట్టే ఆక్సిలరేటర్ పద్ధతి ఉంది కాబట్టి ఒక్క గింజ చాలు. ఢిల్లీలోని ఇంటర్ యూనివర్సిటీ ఆక్సిలరేటర్ సెంటర్‌లో ఆ పని చేస్తారు.

గాలిలో కార్బన్-14 అన్ని కాలాల్లో ఒకేలా లేదు. ఆ తేడాను, ఏ ఏడు పడిందో తెలిసిన చెట్టు వలయాలతో సరిచేస్తారు. పాలమూరులో ఈ మాటంటే పిల్లలమర్రి గుర్తొస్తుంది. కానీ మర్రికి ఏడాదికొక వలయం స్పష్టంగా పడదు, పైగా ఊడలే మొదళ్లవుతాయి. వలయాలు కావాలంటే మన దగ్గర టేకు మేలు.

రిపోర్టుల్లో "ఇప్పటికి 4,000 ఏళ్లు" అని రాస్తే, ఆ "ఇప్పుడు" అంటే 1950 అని గుర్తుంచుకోండి. ఆ తర్వాత అణుబాంబు పరీక్షలు గాలిలో కార్బన్-14ను దాదాపు రెట్టింపు చేశాయి.

[దృశ్యం: గుంతలో నిలువుగా చెక్కిన మట్టి గోడ. అందులోకి ఇనుప గొట్టం దిగ్గొడుతున్న చేతులు.]

సరే, బొగ్గే లేకపోతే? ముడుమాల లాంటి చోట నిలువురాయి కింద ఉండేది మట్టి, ఇసుక. ఇక్కడ పనికొచ్చేది కాంతి గడియారం. 1985లో కెనడాలో డేవిడ్ హంట్లీ బృందం చూపించింది.

గ్రానైట్ అరిగి వచ్చిన ఇసుకలో క్వార్ట్జ్ రేణువులుంటాయి. చుట్టూ మట్టిలో యురేనియం, థోరియం, పొటాషియం ఉంటాయి. వాటి రేడియేషన్ వల్ల రేణువు లోపల ఎలక్ట్రాన్లు చిక్కుకుంటూ పోతాయి. రేణువుకు ఎండ తగిలితే అవి విడిపోయి లెక్క సున్నా అవుతుంది. మళ్లీ మట్టి కప్పితే మొదటి నుంచి మొదలు. అంటే గుంత తవ్వి, ఎండ తగిలిన మట్టిని రాయి చుట్టూ వేసి తొక్కిన రోజే ఈ గడియారం మొదలైన రోజు. మనం అడిగిన సంఘటన అదే!

చీకట్లోనే తియ్యాలి కాబట్టి ఇనుప గొట్టం మట్టిలోకి దిగ్గొట్టి, రెండు మూతలూ బిగిస్తారు. ల్యాబ్‌లో ఎర్రలైటు కింద తెరుస్తారు. రేణువు మీద వెలుతురు వేస్తే అది తిరిగి చిన్నగా వెలుగుతుంది. ఆ వెలుగును బట్టి అది ఇన్నాళ్లూ తాగిన రేడియేషన్ ఎంతో చెబుతారు. అది 12 గ్రే అనుకుందాం (గ్రే అంటే రేడియేషన్‌ను కొలిచే ప్రమాణం). ఆ మట్టిలో వెయ్యేళ్లకు 4 గ్రే చొప్పున వస్తుందనుకుంటే, వయసు 3,000 ఏళ్లు. అహ్మదాబాద్‌లోని ఫిజికల్ రీసెర్చ్ లాబొరేటరీకి ఈ పనిలో ఎంతో అనుభవం ఉంది.

గ్రానైట్ నేలలో రేడియేషన్ ఎక్కువ. నల్లగొండలో లంబాపూర్, పెద్దగట్టు దగ్గర యురేనియం నిక్షేపాలే ఉన్నాయి. దాంతో రేణువు త్వరగా నిండిపోతుంది. నిండాక గడియారం ఆగిపోతుంది. తడి కూడా లెక్కలోకి రావాలి. నీళ్లు రేడియేషన్‌ను కొంత అడ్డుకుంటాయి. కృష్ణ ఒడ్డు మట్టి వేల ఏళ్లలో ఎంత తడిగా ఉందో తప్పుగా అంచనా వేస్తే వయసూ తప్పుతుంది.

కుండ పెంకుకూ ఇదే సూత్రం. అక్కడ ఎండ బదులు ఆవం వేడి సున్నా చేస్తుంది. 2024లో సూర్యాపేట జిల్లా ఫణిగిరిలో ఒక కుండలో 3,730 సీసపు నాణేలు దొరికాయి, ఇక్ష్వాకు రాజులవి. అక్కడ నాణేలే కాలం చెబుతాయి. నాణెం అచ్చు పడకముందు కుండ పూడ్చి ఉండరు కదా.

[దృశ్యం: నల్లగొండ, పానగల్లు ఉదయ సముద్రం.]

వెయ్యేళ్లూ కాకుండా మొన్నటి నూరేళ్ల సంగతి కావాలంటే చెరువు పూడిక ఉంది. నేలలోంచి వచ్చే రేడాన్ వాయువు గాలిలో సీసం-210గా మారి వానతో కిందికి దిగుతుంది. దాని సగం కాలం 22 ఏళ్లే. చెరువు అడుగున పొరపొరగా కొలిస్తే నూరు, నూటయాభై ఏళ్ల పూడిక లెక్క తేలుతుంది. 1963 ప్రాంతపు అణు పరీక్షల సీజియం-137 ఒక పొరలో గుర్తులా నిలుస్తుంది. పూడిక తీసి చెలకలకు తోలిన చెరువుల్లో ఈ పొరలు ఇక ఉండవు. రైతుకు ఆ మట్టి బంగారమే, నేనూ కాదనను. పూడిక తీసే ముందు ఒక్క గొట్టం దింపి మట్టి దాచితే బాగుండు అనిపిస్తుంది.

ఇంకా పాత కాలానికి వేరే గడియారాలున్నాయి. కృష్ణ దాటి కర్నూలు వైపు జ్వాలాపురంలో, సుమత్రాలోని టోబా అగ్నిపర్వతం సుమారు 74,000 ఏళ్ల కిందట చిమ్మిన బూడిద పొర ఉంది. ఆ బూడిద వయసు, పొటాషియం నుంచి పుట్టే ఆర్గాన్ వాయువును కొలిచే ఆర్గాన్ పద్ధతితో తెలుసు కాబట్టి, దాని కిందా పైనా దొరికిన రాతి పనిముట్లు ఏవి ముందో ఏవి వెనకో చూడగానే చెప్పొచ్చు.

[దృశ్యం: చెలకలో రాకాసి గుళ్ల (పాతకాలపు సమాధుల) రాతి వలయం. దూరంగా జేసీబీ.]

మీ చెలకలో గెట్టు సదును చేస్తుంటే రాతి వలయమో, బూడిద పొరో, పెంకులో బయటపడితే జేసీబీ ఆపండి. పెంకులు కడగకండి. బొగ్గు ముక్కను వేళ్లతో ముట్టకండి, బీడీ పొగ తగలనివ్వకండి. తవ్వకాన్ని ఎండకు తెరిచి ఉంచకండి, తడి గోనెసంచి కప్పండి. స్కేలు పక్కన పెట్టి ఫోన్లో ఫొటో తీసి, వారసత్వ శాఖకు, లేదా దగ్గరి డిగ్రీ కాలేజీలో చరిత్ర చెప్పే సారుకు పంపండి. వాళ్లు గొట్టం పట్టుకుని వచ్చేదాకా ఆ మట్టిని కదపకండి.

[నెమ్మదిగా చీకటి. గాలి చప్పుడు.]