నూనెలో పొంగే నువ్వుల ఉండ

అందరికీ నమస్కారం. సులువైన వంట ఏదైనా చెప్పమని నన్ను పిలిచారు. నేను ఎంచుకున్నవి నూనెలో వేయించే చైనా నువ్వుల ఉండలు. అంత సులువైనవి కావు, ముందే ఒప్పుకుంటున్నాను. కావలసినవి మాత్రం కొన్నే: జిగురు బియ్యప్పిండి (ఉడికితే జిగటగా అతుక్కునే బియ్యం పిండి), పంచదార, నీళ్లు, నువ్వులు, నూనె. లోపల పెట్టడానికి తీపి పూర్ణం.

దక్షిణ చైనాలో, గ్వాంగ్‌డాంగ్, హాంకాంగ్ వైపు వీటిని జిన్‌దోయ్ అంటారు. ఉత్తరాదిలో మాత్వాన్. తాంగ్ రాజుల కాలం (618–907) నుంచే ఇలాంటి ఉండల ప్రస్తావన ఉంది. చైనా కొత్త సంవత్సరానికి ఇవి తప్పనిసరి. జిన్‌దోయ్ దొర్లితే ఇంటినిండా వెండి బంగారాలని అక్కడివాళ్ల సామెత. గుండ్రంగా, బంగారు రంగులో ఉంటాయి కదా, అందుకన్నమాట.

మొదటిసారి చేసినప్పుడు నావి దొర్లలేదు, పేలాయి. మూడో ఉండ టప్‌మని పగిలి, నూనె గోడ మీదకి చిమ్మింది. నేను రెండడుగులు వెనక్కి దూకాను. స్టవ్ ఆపి కూర్చుని, ఎందుకిలా అయిందా అని ఆలోచించాను. అక్కడే అసలు వంట నేర్చుకున్నాను.

ఉండ లోపలి తడి వేడికి ఆవిరవుతుంది. ఆ ఆవిరికి చోటు కావాలి. పైపొర ఇంకా మెత్తగా సాగుతుంటే ఉండ బెలూన్‌లా పొంగుతుంది. పొర ముందే గట్టిపడితే బయటికి దారిలేక పగులుతుంది. నేను నూనె పొగలు వచ్చేదాకా కాచాను, అదీ తప్పు. ఇంకో తప్పు పిండిలో ఉంది. జిగురు బియ్యంలో పేరుకే జిగురు, గోధుమపిండిని సాగేలా చేసే గ్లూటెన్ అందులో లేదు. పచ్చి పిండిని నీళ్లతో కలిపి ఉండ చేస్తే అంచుల్లో పగుళ్లు వస్తాయి. దానికి సాగే గుణం రావాలంటే కొంత ఉడకాలి.

అందుకని ఇలా చేయండి. 200 గ్రాముల పిండికి 65 గ్రాముల పంచదార, దాదాపు 160 మిల్లీలీటర్ల నీళ్లు. పంచదారను వేడి నీళ్లలో కరిగించి పిండి కలపండి. అందులోంచి నిమ్మకాయంత ముద్ద తీసి, బిళ్లలా నొక్కి, మరిగే నీళ్లలో వేయండి. పైకి తేలగానే తీసి, వేడి తగ్గాక మిగతా పిండిలో వేసి బాగా పిసకండి. మొదట చేతికి అంటుకుని విసిగిస్తుంది, వదలొద్దు. చివరికి చెవితమ్మెలా మెత్తగా, నున్నగా వస్తుంది. పొడిగా అనిపిస్తే చెంచాడు నీళ్లు, జారుగా ఉంటే కాస్త పిండి చేర్చుకోండి.

30 గ్రాముల చొప్పున ముద్దలు చేసి, ఎర్ర బీన్స్ ముద్దో, తామరగింజల ముద్దో చిన్న గోలీ అంత పెట్టి మూసేయండి. పూర్ణం గట్టిగా ఉండాలి. లోపల గాలి చిక్కకుండా అరచేతుల్లో దొర్లించండి. తర్వాత నీళ్లలో ముంచి తీసి, నువ్వుల పళ్లెంలో దొర్లించి, మళ్లీ అరచేతులతో నొక్కండి. నొక్కకపోతే నువ్వులన్నీ బాణలి అడుగుకి చేరతాయి. నువ్వులు పచ్చివే వాడండి, వేయించినవైతే మాడి చేదెక్కుతాయి.

నూనె సుమారు 150 డిగ్రీలు ఉండాలి. థర్మామీటర్ లేకపోతే చిటికెడు పిండి వేయండి. చిన్న చిన్న బుడగలతో నింపాదిగా పైకి రావాలి, గలగలమంటే వేడి ఎక్కువ. ఉండలు మొదట అడుగునే ఉంటాయి. మూడు, నాలుగు నిమిషాల్లో తేలతాయి. అప్పుడు గరిటె వెనుకవైపుతో ఒక్కొక్కదాన్ని బాణలి అంచుకి మెల్లగా అదిమి, తిప్పుతూ ఉండండి. అదిమి వదిలిన ప్రతిసారీ కాస్త పెద్దదవుతుంది. నాకు ఈ వంటలో అన్నిటికన్నా ఇష్టమైన ఘట్టం ఇదే, చూస్తూ చూస్తూ టైమ్ తెలియదు. కావలసినంత పొంగాక మంట పెంచి 175 డిగ్రీల దగ్గర బంగారు రంగు రానివ్వండి. ఆ చివరి వేడిలోనే పొర గట్టిపడుతుంది. తొందరపడి ముందే తీస్తే చల్లారేటప్పటికి సొట్టలు పడతాయి.

మొత్తం పది, పన్నెండు నిమిషాలు పడుతుంది. ఒక్కసారికి నాలుగైదు కంటే వేయకండి, తిప్పడానికి చోటు ఉండదు.

ఇదిగో, పళ్లెం ముందు వరుస నుంచి వస్తోంది. ఇప్పుడే తీసినవి. కొరికేముందు ఒక పక్క చిన్న చిల్లు పెట్టండి, లోపలి ఆవిరి నాలుక కాలుస్తుంది.