రక్షణ ఇవ్వమని హైకోర్టు చెప్పింది, పోలీసులు రాలేదు: అది కోర్టు ధిక్కరణేనా?

[స్క్రీన్ మీద: నేలపాడులోని హైకోర్టు భవనం]

నమస్తే అండి. కార్పొరేషన్ ఎన్నికలు వచ్చాయంటే విజయవాడలో ఫ్లెక్సీ షాపులకు ఎంత గిరాకీయో, నది అవతల నేలపాడులో హైకోర్టు లాయర్లకూ అంతే గిరాకీ. "నామినేషన్ వెనక్కి తీసుకోమని బెదిరిస్తున్నారు, పోలీసు రక్షణ ఇప్పించండి" అంటూ లంచ్ మోషన్లు (అంటే అదే రోజు వినమని కోరే అత్యవసర పిటిషన్లు) పడతాయి. ఆర్డర్ వస్తుంది. పోలీసులు మాత్రం రారు. వెంటనే వినిపించే మాట: "కంటెంప్ట్ వేసేద్దాం!" అంటే కోర్టు ధిక్కరణ కేసు.

వేయొచ్చు. నిలబడుతుందా అన్నదే అసలు సంగతి.

కృష్ణలంకలో ఒక కార్పొరేటర్ అభ్యర్థి ఉన్నారనుకుందాం. ఆయన చేతికొచ్చిన ఆర్డర్‌లో పైపేజీలు వదిలేసి చివరి పేరా చూద్దాం.

[స్క్రీన్ మీద: నమూనా ఆర్డర్, చివరి పేరాకు పసుపు రంగు]

"పిటిషనర్ వినతిపత్రాన్ని పరిశీలించి, చట్టప్రకారం తగిన చర్య తీసుకోవాలి."

ఇది చూసి అభ్యర్థి ఇంట్లో స్వీట్లు పంచేస్తారు. కానీ మళ్లీ చదవండి. గన్‌మన్‌ని ఇవ్వమని ఎక్కడా లేదు. ఇంటి ముందు పికెట్ పెట్టమనీ లేదు. పరిశీలించమని ఉంది, అంతే. సీఐ గారు "పరిశీలించాం, ముప్పు కనిపించలేదు, బీట్ కానిస్టేబుల్ తిరుగుతూనే ఉన్నాడు" అని కోర్టులో కౌంటర్ (రాతపూర్వక జవాబు) వేస్తే ధిక్కరణ కేసు దాదాపు అక్కడే ఆగిపోతుంది. ఆ నిర్ణయం తప్పనిపిస్తే మళ్లీ రిట్ (మొదట రక్షణ కోరుతూ హైకోర్టులో వేసినలాంటి పిటిషన్) వేసుకోవాల్సిందే.

అదే పేరాలో "పోలింగ్ ముగిసేదాకా ఇద్దరు కానిస్టేబుళ్లను కేటాయించాలి" అని ఉంటే కథ వేరు. అందుకే రిట్ వాదన నాడే మీ లాయరు గారిని పట్టుబట్టమనండి: ఎవరు ఇవ్వాలి, ఎంతమందిని, ఎప్పటిదాకా?

ఇక రెండో చిక్కు. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 2(బి) ప్రకారం ఉల్లంఘన కావాలని చేసినదై ఉండాలి. అంటే ఆర్డర్ సంగతి ఆ అధికారికి తెలుసని మీరు చూపించాలి. వాట్సాప్ ఫార్వర్డ్‌ని నమ్ముకోవద్దు. ఆర్డర్ కాపీకి లెటర్ జతచేసి స్టేషన్‌లో ఒకటి, విజయవాడ అయితే కమిషనరేట్‌లో, గుంటూరు అయితే ఎస్పీ ఆఫీసులో ఇంకొకటి ఇచ్చి, మీ కాపీ మీద స్టాంపు, తేదీ, టైమ్ వేయించుకోండి. ధిక్కరణ కేసు అధికారి పేరు పెట్టి వేస్తారు కదా, మధ్యలో సీఐ బదిలీ అయితే కొత్తాయనకూ ఇవ్వాలి. ఎన్నికల వేళ బదిలీలు మామూలే.

శిక్ష ఏంటంటారా? గరిష్ఠంగా 6 నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. నిజాయితీగా క్షమాపణ చెబితే వదిలేయొచ్చు కూడా. రెండు వేలంటే ఎవరికీ భయం ఉండదు. కోర్టులో స్వయంగా నిలబడాలి అనేసరికి మాత్రం టెన్షన్ మొదలవుతుంది.

[స్క్రీన్ మీద: త్రిపుర మ్యాప్, 2021 నవంబర్]

త్రిపుర మున్సిపల్ ఎన్నికల్లో సరిగ్గా ఇదే జరిగింది. ప్రచారాన్ని అడ్డుకోవద్దని సుప్రీంకోర్టు నవంబర్ 11న చెప్పింది. అయినా దాడులు ఆగలేదంటూ తృణమూల్ కాంగ్రెస్ ధిక్కరణ పిటిషన్ వేసింది, పోలింగ్ వాయిదా కోరింది. కోర్టు వాయిదా వేయలేదు. బలగాలు ఎన్ని కావాలో ఎన్నికల సంఘంతో కూర్చుని తేల్చమని పోలీసు పెద్దలకు చెప్పింది. 25న, పోలింగ్ రోజే, మరో రెండు కంపెనీల కేంద్ర బలగాలు పంపమంది. ఎన్నికల వేళ ఈ పిటిషన్ నుంచి ఆశించాల్సింది ఇదే. జైలు సంగతి తర్వాత, ముందు బందోబస్తు కదలాలి.

పోలింగ్ అయిపోయాక వేయొచ్చా అంటే, వేయొచ్చు. సెక్షన్ 20 ప్రకారం ఉల్లంఘన జరిగిన నాటి నుంచి ఏడాది గడువు. అయితే అధికారికి శిక్ష పడినా ఎన్నిక రద్దు కాదు. ఫలితం మీద పోరాడాలంటే ఎన్నికల పిటిషన్ వేరే వేయాలి, దాని గడువు చాలా తక్కువ, కాబట్టి లెక్కింపు రోజు సాయంత్రమే లాయరు గారికి ఫోన్ చేయండి.