కప్పు గెలిచారు, క్లబ్ మూసేశారు: శాన్ ఫ్రాన్సిస్కో డెల్టాస్ కథ

హాయ్ అండీ అందరికీ, ఎలా ఉన్నారు? ఇవాళ ఆదివారం కదా, పొద్దున్నే లేచి పులిహోర కలిపి డబ్బాలో పెట్టేసి, పెరుగన్నం ఇంకో డబ్బాలో సర్దేసి, సన్నీవేల్ నుంచి శాన్ ఫ్రాన్సిస్కో బయల్దేరాం. గోల్డెన్ గేట్ బ్రిడ్జికి కాదు, అది మీకు చాలాసార్లు చూపించేశాను. ఇవాళ కేజర్ స్టేడియంకి వచ్చాం. ఇదిగో చూడండి, గోల్డెన్ గేట్ పార్క్ చివర్లో ఉంటుంది, గేట్లు తీసే ఉన్నాయి, చుట్టుపక్కల వాళ్ళు వచ్చి ట్రాక్ మీద రన్నింగ్ చేసుకుంటున్నారు, మా బాబు అయితే కారు దిగిన వెంటనే వాళ్ళతో పాటు పరుగెత్తేశాడు. ఆగస్టు నెలండీ ఇది, అయినా చూడండి మంచు ఎలా కమ్మేసిందో, స్వెటర్ లేకపోతే ఇక్కడ నిలబడలేం.

ఈ స్టేడియం అంటే నాకు ఎందుకంత ఇష్టమో చెప్తాను. నేను 2017లో పెళ్ళయ్యి హెచ్4 వీసా మీద వచ్చాను. మావారు ఆఫీసుకి వెళ్ళిపోతే రోజంతా ఇంట్లో నేను ఒక్కదాన్నే, డ్రైవింగ్ రాదు, తెలిసినవాళ్ళు లేరు, మా అమ్మకి ఫోన్ చేద్దామంటే అక్కడ అర్ధరాత్రి. అప్పుడు ఒకరోజు మావారు వచ్చి ఆదివారం ఫుట్‌బాల్ మ్యాచ్‌కి వెళ్దాం, డెల్టాస్ మ్యాచ్ అన్నారు. మాది తెనాలి దగ్గర పల్లెటూరు, డెల్టా అంటే నాకు కృష్ణా కాలవలు, వరి చేలు, వేరే డెల్టా నాకు తెలీదు. ఇక్కడ ఎవరో టీమ్‌కి ఆ పేరు పెట్టుకున్నారా అని ఆ పేరు కోసమే ఒప్పుకున్నాను. మావారేమో లెక్కల్లో డెల్టా అంటే మార్పు అని చెప్పుకొచ్చారు, నాకు మాత్రం ఈ రోజుకీ మా ఊరి కాలవే గుర్తొస్తుంది.

మేం వెళ్ళింది మామూలు మ్యాచ్‌కి కాదండీ, ఫైనల్‌కి. 2017 నవంబర్ 12, సాకర్ బౌల్ అంటారు, ఇక్కడ ఫుట్‌బాల్‌ని సాకర్ అంటారు కదా. ఆ క్లబ్ మొత్తం ఆడింది ఆ ఒక్క సీజనే, ఆ ఫైనలే దాని ఆఖరి మ్యాచ్.

కొంచెం వెనక్కి వెళ్దాం. డెల్టాస్ ఆడిన లీగ్ పేరు నార్త్ అమెరికన్ సాకర్ లీగ్, ఎన్‌ఏఎస్‌ఎల్ అంటారు. పైన ఎంఎల్‌ఎస్, అంటే మేజర్ లీగ్ సాకర్ ఉంటుంది కదా, మెస్సీ ఆడుతున్నది, దాని కింద రెండో డివిజన్ అన్నమాట. బ్రయాన్ ఆండ్రెస్ హెల్మిక్ అనే ఆయన సీఈఓ, సిలికాన్ వ్యాలీ టెక్ కంపెనీల్లో పెద్ద పొజిషన్లలో ఉన్నవాళ్ళు కలిసి డబ్బులు పెట్టారు. ఒక స్టార్టప్‌లాగే మొదలైంది. కోచ్‌గా మార్క్ డోస్ సాంటోస్‌ని తెచ్చుకున్నారు, కెనడా ఆయన. ఈయన సంగతి తప్పకుండా చెప్పాలి. 2015లో ఒట్టావా ఫ్యూరీ అనే టీమ్‌ని ఇదే లీగ్ ఫైనల్‌కి తీసుకెళ్ళి న్యూయార్క్ కాస్మోస్ చేతిలో 3-2తో ఓడిపోయాడు. 2016లో ఇంకో లీగ్‌లో స్వోప్ పార్క్ రేంజర్స్ అనే టీమ్‌తో మళ్ళీ ఫైనల్, మళ్ళీ ఓటమి. వరసగా మూడో ఏడు మూడో టీమ్‌తో మూడో ఫైనల్, ఎదురుగా మళ్ళీ ఆ కాస్మోసే. డెల్టాస్ గోల్‌కీపర్ రోమువల్డ్ పేజే కూడా 2015లో ఆ ఒట్టావా గోల్‌కీపరే! ఇద్దరూ కలిసి ఓడిపోయిన టీమ్ మీదే ఇద్దరూ కలిసి మళ్ళీ ఆడుతున్నారు. ఆ రోజు నాకు ఇదేమీ తెలీదు, తర్వాత చదువుకుని తెలుసుకున్నాను, అప్పట్నుంచి ఆ మ్యాచ్ నాకు ఇంకా దగ్గరయింది.

కాస్మోస్ అంటే చిన్న టీమ్ కాదండోయ్, పేలే 1975 నుంచి 77 దాకా ఆడిన పేరు అది. క్లబ్‌ని మళ్ళీ మొదలుపెట్టాక 2013, 2015, 2016లో ఛాంపియన్లు. ఆ ఏడాది లీగ్‌లో అందరికన్నా పైనున్నది మయామీ ఎఫ్‌సీ, ఇటలీ డిఫెండర్ నెస్టా కోచ్. వాళ్ళు సెమీస్‌లో కాస్మోస్ మీద పెనాల్టీల్లో పోయారు, అందుకే ఫైనల్ ఇక్కడికి, డెల్టాస్ సొంత గ్రౌండ్ కేజర్‌కి వచ్చింది.

ఇదిగో ఈ సీట్లు చూడండి, కెమెరా దగ్గరగా పెడతాను. ఎర్రటి ప్లాస్టిక్ సీట్లు, మంచుకి తడిసిపోయున్నాయి, టిష్యూతో తుడిస్తే గానీ కూర్చోలేం, అంచుల్లో రంగు వెలిసిపోయింది. ఇవి క్యాండిల్‌స్టిక్ పార్క్ అనే పాత స్టేడియం సీట్లండీ, అది మూసేశాక కొన్ని ఇక్కడికి తెచ్చి బిగించారు. ఫార్టీనైనర్స్ అనే అమెరికన్ ఫుట్‌బాల్ టీమ్ 1946 నుంచి 1970 దాకా ఆడింది ఈ కేజర్‌లోనే, ఆ తర్వాత క్యాండిల్‌స్టిక్‌కి వెళ్ళింది, ఇప్పుడు మన తెలుగువాళ్ళు బోలెడంత మంది ఉండే శాంటా క్లారాలో ఆడుతోంది. పాత కేజర్‌ని 1989లో పడగొట్టి ఈ చిన్నది కట్టారు, పదివేల మంది పడతారు.

ఆ ఫైనల్ రోజు ఈ పదివేలూ దాదాపు నిండిపోయాయి. 9,691 మంది. మామూలు మ్యాచ్‌లకి అందులో సగం కూడా వచ్చేవాళ్ళు కాదు. మేం అటువైపు కూర్చున్నాం, పక్కన ఒక పెద్దావిడ తన స్కార్ఫ్ తీసి నా ఒళ్ళో వేసింది, నేను చలికి వణుకుతున్నానని. 19వ నిమిషంలో పెనాల్టీ వచ్చింది, టామీ హైనెమన్ కొట్టాడు, గోల్! అసలు ఆట రూల్సే సరిగా తెలియని నేను లేచి అరిచేశాను, అమెరికా వచ్చాక అంత గట్టిగా నా గొంతు నాకే వినబడటం అదే మొదటిసారి. ఆట అయిపోవస్తుండగా డెవాన్ సాండోవల్ ఇంకోటి కొట్టాడు. 2-0. ఆ పెద్దావిడ ఏడ్చేసింది. ఎందుకు ఏడుస్తున్నారు, గెలిచాం కదా అంటే మావారు చెవిలో చెప్పారు, ఈ సీజన్‌తో క్లబ్ మూసేస్తారట అని.

నిండు పెళ్ళి పందిరిని తెల్లారేసరికి విప్పేసినట్టు అయిపోయిందండీ.

ఎందుకు మూసేశారంటే కారణాలు చాలా ఉన్నాయి. జనం రాలేదు అన్నది ఒకటి. ఆ ఏడాదే వారియర్స్ బాస్కెట్‌బాల్ ఛాంపియన్లు, బేస్‌బాల్‌కి జయింట్స్ ఉన్నారు, శాన్ హోసేలో ఎంఎల్‌ఎస్ టీమ్ ఎర్త్‌క్వేక్స్ ఉంది, కొత్త క్లబ్ పేరు జనానికి తెలిసేలోపే సీజన్ అయిపోయింది. లీగ్‌లో ఉన్నవి ఎనిమిదే టీమ్‌లు, అవి కూడా ఒకటి మయామీలో, ఒకటి ప్యూర్టో రికోలో, ఒకటి కెనడాలోని ఎడ్మంటన్‌లో. ఒక్క మ్యాచ్‌కి టీమ్ మొత్తాన్ని ఖండం ఆ చివరికి విమానాల్లో తిప్పాలంటే ఎంత ఖర్చో ఆలోచించండి, టికెట్ల డబ్బులు ఏ మూలకి వస్తాయి?

అయితే నన్ను బాధపెట్టేది అది కాదు. ఇంగ్లండ్‌లో అయితే రెండో డివిజన్ గెలిస్తే పై డివిజన్‌కి వెళ్తారు, ఆటతోనే మెట్టు ఎక్కొచ్చు. ఇక్కడ అది లేదు. ఎంఎల్‌ఎస్‌లోకి రావాలంటే అప్పట్లో కొత్త టీమ్ కట్టాల్సిన ఫీజే 15 కోట్ల డాలర్లు! ఛాంపియన్ అయినా అదే గుమ్మం బయట నిలబడాలి. పైగా రెండో డివిజన్ హోదాకి ఉండాల్సినన్ని టీమ్‌లు లేవని 2018కి ఆ హోదా ఇవ్వబోమని ఇక్కడి సాకర్‌ని నడిపే యూఎస్ సాకర్ ఫెడరేషన్ 2017 సెప్టెంబర్‌లో చెప్పేసింది. లీగ్ కోర్టుకెక్కింది. ఫైనల్‌కి సరిగ్గా ఎనిమిది రోజుల ముందు, నవంబర్ 4న, బ్రూక్లిన్ కోర్టు ఆ నిర్ణయం మీద స్టే ఇవ్వనంది. 2018 సీజన్ జరగనే లేదు. ఆ కేసు 2025 దాకా నడిచింది, ఫిబ్రవరిలో జ్యూరీ లీగ్‌కి వ్యతిరేకంగా తీర్పు ఇచ్చింది. నా మటుకు నాకు, టీమ్‌లు తక్కువున్నాయి నిజమే, కానీ గెలిచిన క్లబ్‌కి ఇంకో ఏడాది ఆడుకునే దారి చూపించాల్సింది అనిపిస్తుంది.

మన హైదరాబాద్ ఎఫ్‌సీ గుర్తుందా, 2022 మార్చిలో గోవాలో మన గోల్‌కీపర్ కట్టిమణి మూడు పెనాల్టీలు ఆపితే ఐఎస్‌ఎల్, అంటే ఇండియన్ సూపర్ లీగ్ కప్పు కొట్టాం, 2025లో ఆ క్లబ్ ఢిల్లీకి వెళ్ళిపోయింది. ఆ వార్త చదివిన రోజు నాకు ఈ కేజర్ సీట్లే కళ్ళముందుకొచ్చాయి.

ఆటగాళ్ళు ఏమయ్యారని అడుగుతారేమో. కోచ్ డోస్ సాంటోస్ లాస్ ఏంజెలిస్ ఎఫ్‌సీలో అసిస్టెంట్‌గా వెళ్ళి, అక్కణ్ణుంచి వాంకూవర్ వైట్‌క్యాప్స్‌కి హెడ్ కోచ్ అయ్యాడు, అంటే పై డివిజన్‌కే. సాండోవల్ తన సొంతూరు ఆల్బుకర్కీ వెళ్ళి కొత్తగా పెట్టిన న్యూ మెక్సికో యునైటెడ్‌లో ఆడాడు. కైల్ బెకర్ కెనడాలో ఫోర్జ్ ఎఫ్‌సీ కెప్టెన్ అయ్యి కప్పుల మీద కప్పులు కొట్టాడు.

మా బాబు వచ్చేశాడండీ, చెమటలు కారుతున్నాయి, వాడికి ఇప్పుడు ఎనిమిదేళ్ళు, శనివారాలు వాడూ సాకర్ ఆడుతున్నాడు. "అమ్మా, ఆ గోల్ ఎటువైపు కొట్టారు?" అని అడుగుతున్నాడు. ఫోన్‌లో ఆ పెనాల్టీ వీడియో తీసి చూపిస్తున్నాను, వాడు ఒకసారి ఫోన్ చూస్తాడు, ఒకసారి గ్రౌండ్ చూస్తాడు, వెనకాల కనబడే చెట్లని బట్టి అది ఏ గోల్‌పోస్టో వెతుక్కుంటున్నాడు. సరేనండీ, పులిహోర డబ్బా తీస్తున్నాం, ముందు వీడికి పెట్టాలి.