తలుపు ఇవతలే తుపాకీ నింపుకోండి: హారర్ గేముల్లో తూటాల లెక్క

[తెర: చీకటి నడవా. టార్చి వెలుగులో తడిసిన గోడలు. మూలన తూటాల సంఖ్య: 3.]

మూలన ఉన్న అంకె చూడండి. మూడు. పిస్టల్‌లో మిగిలినవి అవే. ఎదురుగా ఒక జాంబీ తూలుతూ వస్తోంది. ఇక్కడ కొందరు ఆ మూడూ గబగబా దాని ఛాతీలోకి కాల్చేసి ఖాళీ తుపాకీతో నిలబడిపోతారు. ఇంకొందరు అది రెండడుగుల దూరానికి వచ్చాక రీలోడ్ మీట, అంటే తుపాకీ మళ్లీ నింపే మీట, నొక్కుతారు. ఇద్దరి మెడ మీదా దాని పళ్లు దిగుతాయి. దీన్ని తప్పించే పని ఒకటుంది. అది ఈ నడవాలో చేసేది కాదు, ఇందులోకి రాకముందే తలుపు ఇవతల చేయాల్సింది. ఈ వీడియో అంతా దాని గురించే.

"అక్కా, ఆట మొదలుపెట్టనా?"

"ఉండరా, ముందు మనమెవరమో చెప్పనీ."

[తెర: ఆట ఆగింది. గది, టేబుల్, కంప్యూటర్.]

నమస్కారం. పర్లాకిమిడి నుంచి మాట్లాడుతున్నాను. మౌస్ పట్టుకున్నది మా పిన్ని కొడుకు, డిగ్రీ చదువుతున్నాడు. పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, బరంపురం వైపు మనవాళ్లు చాలామంది బడిలో ఒడియా చదువుతారు, ఆటలో ఇంగ్లీషు చదువుతారు, ఇంట్లో తెలుగు మాట్లాడతారు. ఆట లోపలి లెక్కలను ఇంటి భాషలో విడమరచి చెప్పేవాళ్లు ఈ వైపు తక్కువ. అందరికీ అర్థమయ్యే తెలుగులోనే చదువు సాగాలని పట్టుబట్టిన గిడుగు రామమూర్తి పంతులు గారు పాఠాలు చెప్పిన ఊరు మాది. ఈ పని ఇక్కడి నుంచి చేయడం నాకు సంతోషంగా ఉంది. ఒక్క మాట, ఇవి పెద్దల ఆటలు. 18 ఏళ్లు నిండనివాళ్ల చేతికి ఇవ్వకండి.

[తెర: పాత ఆట దృశ్యం. భవంతి హాలు, టైపురైటర్.]

1996లో జపాన్ సంస్థ క్యాప్‌కామ్ ప్లేస్టేషన్ కోసం రెసిడెంట్ ఈవిల్ తెచ్చింది. దర్శకుడు షింజీ మికామి. 1989 నాటి స్వీట్ హోమ్, 1992 నాటి అలోన్ ఇన్ ద డార్క్ అప్పటికే దారి వేసి ఉన్నాయి. అయినా సర్వైవల్ హారర్, అంటే కొద్దిపాటి సరంజామాతో బతికి బయటపడాల్సిన భయానక ఆట, అన్న పేరు జనం నోట నిలిచింది రెసిడెంట్ ఈవిల్‌తోనే. అందులో మీరు ఎంచుకునే పాత్రలు ఇద్దరు, క్రిస్, జిల్. క్రిస్ సంచికి 6 గడులు, జిల్ సంచికి 8. తుపాకీకి ఒక గడి, తూటాలకు ఒకటి, గాయం మాన్పే మూలికకు ఒకటి, తాళంచెవికి ఒకటి. అంటే కరువు రెండు వైపుల నుంచి వస్తుంది. తూటాలు తక్కువ, ఉన్నవాటిని మోసే చోటు ఇంకా తక్కువ. తూటాల పెట్టెలన్నీ వెంట తీసుకెళ్తే దారిలో దొరికిన తాళంచెవికి జాగా ఉండదు. తూటాల పొదుపు మొదలయ్యేది ఇక్కడే. ఎన్ని ఉన్నాయన్నది సగం ప్రశ్నే, ఈ విడతలో వెంట ఎన్ని తీసుకెళ్లాలన్నది మిగతా సగం.

ఆ ఆటలో సేవ్ చేయాలన్నా టైపురైటర్ దగ్గరికి వెళ్లి ఇంక్ రిబ్బన్ ఖర్చు పెట్టాలి. వేసవి సాయంత్రాల్లో గాలివాన మొదలైతే మా వైపు కరెంటు పోవడం మామూలే. ఇన్వర్టర్ లేని ఇంట్లో ఆడేవాళ్లు రిబ్బన్ దగ్గర మరీ పిసినారితనం చేయవద్దు. మబ్బు పట్టగానే భద్రమైన గదికి వచ్చి సేవ్ చేసుకోండి. పొదుపు చేసిన తూటాలన్నీ కరెంటుతో పాటు పోతే ఆ పొదుపుకు అర్థం లేదు.

[తెర: పిస్టల్ రీలోడ్, నెమ్మది వేగంతో.]

ఇప్పుడు అసలు విషయం. రీలోడ్‌లో మీరు ఖర్చు పెట్టేది కాలం. తూటాలు ఎక్కడికీ పోవు, జేబులోంచి తుపాకీలోకి మారతాయి, అంతే. కానీ ఆ కాస్త సమయం మీ చేతిలో ఆయుధం లేనట్టే. భయపెట్టే ఆటను తయారుచేసేవాళ్లకు ఆ సమయం బంగారం. అందుకే వేగంగా సాగే యుద్ధం ఆటల కంటే ఈ ఆటల్లో రీలోడ్ మందకొడిగా ఉంటుంది, పాత్ర చేతులు వణుకుతున్నట్టు కూడా కనిపిస్తుంది.

"తమ్ముడూ, నెమ్మదిగా చూపించు."

ఖాళీ మ్యాగజైన్, అంటే తూటాలుండే డబ్బా, బయటికి వచ్చింది. కొత్తది లోపలికి వెళ్లింది. తర్వాత పైభాగాన్ని వెనక్కి లాగి వదిలాడు. మూలన అంకె ఎప్పుడు మారిందో గమనించారా? మ్యాగజైన్ కూర్చోగానే మారింది, చేయి ఇంకా కదులుతూనే ఉంది. చాలా ఆటల్లో ఇంతే. అంకె మారకముందు దెబ్బ తగిలినా, పరుగు తీసినా, ఆయుధం మార్చినా రీలోడ్ మొత్తం వృథా. మారిన తర్వాతయితే మిగతా కదలిక పూర్తయ్యేదాకా ఆగనవసరం లేదు, పరుగెత్తవచ్చు. మీరు ఆడే ఆటలో ఆ క్షణం ఎక్కడుందో భద్రమైన గదిలో కూర్చుని పరీక్షించుకోండి. రీలోడ్ నొక్కి వేర్వేరు క్షణాల్లో పరుగు మీట నొక్కి చూస్తే చాలు. జాంబీ ముందు నిలబడి తెలుసుకునే సంగతి కాదిది.

షాట్‌గన్ వేరు. చాలా ఆటల్లో అందులోకి తూటాలు ఒక్కొక్కటిగా వెళ్తాయి. రెండు ఎక్కించాక శత్రువు దగ్గరికి వస్తే ఆపేసి ఆ రెండూ కాల్చవచ్చు. పిస్టల్‌లో సగం రీలోడ్‌కు విలువ లేదు, షాట్‌గన్‌లో ఉంది. అందుకని పోరు మధ్యలో నింపక తప్పని పరిస్థితి వస్తుందనిపిస్తే చేతిలో షాట్‌గన్ ఉంచుకోండి.

మరో తేడా. నిజమైన పిస్టల్‌లో సగం కాల్చిన మ్యాగజైన్ తీసి పారేస్తే అందులోని తూటాలు దానితోనే పోతాయి. ఆటల్లో ఎక్కువ భాగం ఆ మిగిలినవాటిని తిరిగి మీ లెక్కలో కలిపేస్తాయి. కాబట్టి 15 పట్టే పిస్టల్‌లో 9 ఉన్నప్పుడు నింపుకున్నా నష్టం లేదు. గది ఖాళీ అయిన ప్రతిసారీ, తలుపు తెరిచే ప్రతిసారీ నింపుకోండి. పోయేది కాలమే కనుక ఎవరూ వెంటపడనప్పుడు ఖర్చు పెట్టడం తెలివి. కొన్ని ఆటలు నిజం తుపాకీలాగే మిగిలినవాటిని పారేస్తాయి, అది మొదటి గదిలోనే చూసుకోండి.

పాత రెసిడెంట్ ఈవిల్ ఆటల్లో ఒక వెసులుబాటు ఉండేది. సంచి తెరిస్తే ఆట ఆగిపోయేది. అక్కడే తూటాల పెట్టెను తుపాకీతో కలిపితే కదలిక ఏమీ లేకుండా నిండిపోయేది. 2008లో వచ్చిన డెడ్ స్పేస్ ఆ వెసులుబాటు తీసేసింది. అందులో మీరు ఆడే పాత్ర ఐజాక్ సంచి తెరిస్తే అది గాలిలో బొమ్మలా వెలుగుతుంది, వెనక నుంచి వచ్చేవి మాత్రం ఆగవు. తూటాల అంకె కూడా తెర మూలన కాకుండా ఆయుధం మీదే కనిపిస్తుంది. సంచి చూసుకోవడం కూడా తలుపు ఇవతలే ముగించాలన్నమాట.

[తెర: పోలీస్ స్టేషన్ పటం. మాటిమాటికీ తిరిగే దారులు ఎర్ర గీతలతో.]

ఇప్పుడు ఎవరిని కాల్చాలి, ఎవరిని వదలాలి. నన్ను ఎక్కువమంది అడిగేది ఇదే. 2019లో మళ్లీ కొత్తగా చేసిన రెసిడెంట్ ఈవిల్ 2 తీసుకుందాం. ఆ ఆటలోని పోలీస్ స్టేషన్‌లో జాంబీలు మొండివి. తలకు గురిపెట్టినా ఒక్కోటి ఎన్ని తూటాలకు పడుతుందో ముందే చెప్పలేం, అదృష్టం పాలు కూడా ఉంది. పడిపోయింది చచ్చిందనీ నమ్మలేం, కాసేపటికి లేచి కాలు పట్టుకోవచ్చు. మీ దగ్గర 20 తూటాలు, ఎదురుగా 5 జాంబీలు ఉన్నాయనుకోండి. ఒక్కోదానికి సగటున 5 అవుతాయనుకున్నా మొత్తం 25. లెక్క తేలదు. ఎంత గురి ఉన్నా తేలదు, ఎందుకంటే తేలకుండా ఉండేటట్టే కట్టారు.

అందుకే జాంబీని చూడకండి, అది నిలబడిన దారిని చూడండి. ఈ నడవాలోంచి మీరు ఎన్నిసార్లు తిరగాలి? పెద్ద హాలుకూ, సేవ్ చేసే గదికీ మధ్య ఉన్న నడవా అయితే తాళాల కోసం పదేపదే రావాలి. అక్కడ జాంబీని పూర్తిగా పడగొట్టండి. మీరు ఆ దారిన వచ్చిన ప్రతిసారీ ఆ ఖర్చుకు ఫలితం దక్కుతుంది. ఆ మూలనున్న ఫైళ్ల గదిలో ఒకే ఒక వస్తువు ఉండి, తీసుకున్నాక మళ్లీ ఆ గడప తొక్కే పని లేదా? అక్కడ ఒక్క తూటా కూడా వద్దు. చుట్టూ తిరిగి వస్తువు అందుకుని బయటపడండి. తప్పదనుకుంటే కాలికి కాల్చండి. మోకాలి దగ్గర తగిలితే అది కుప్పకూలుతుంది, మీరు దాటిపోవడానికి ఆ కాసేపు చాలు. కిటికీలకు కొట్టే చెక్కలూ ఈ లెక్కలోకే వస్తాయి. అవి దొరికేది కొన్నే, కాబట్టి మాటిమాటికీ నడిచే దారి కిటికీలకే కొట్టండి. ఒక కిటికీ మూస్తే దానిలోంచి దూకబోయే జాంబీలన్నిటికీ అయ్యే తూటాలు మిగులుతాయి.

మా గజపతి జిల్లా కొండల్లో లఖారి లోయ ఏనుగులకు నెలవు. అక్కడి నుంచి శ్రీకాకుళం వైపు కూడా దిగుతుంటాయి. రాత్రి పంట కాసేవాళ్లు ఏనుగును పడగొట్టాలని చూడరు, పొలం మీదుగా రాకుండా పక్కకు మళ్లితే చాలంటారు. ముందు కేకలు, తర్వాత డప్పు, టార్చి. బాణసంచా ఉన్నదే నాలుగు కాబట్టి ఆఖరికి గానీ ముట్టించరు. పోలీస్ స్టేషన్‌లో మిమ్మల్ని వెంటాడే మిస్టర్ ఎక్స్‌తో అలాగే ఉండాలి. వాడు చావడు. చాలా తూటాలు తింటే మోకాళ్ల మీద కూలబడి మళ్లీ లేస్తాడు. వాడి మీద ఖర్చు పెట్టేది వాడిని చంపడానికి కాదు, మీరు ఒక తలుపు దాటడానికి.

అదే ఆటలో లిక్కర్ అనే నాలుక చాచే మృగం ఎదురైతే తుపాకీ దించేయండి. దానికి కళ్లు లేవు, చెవులున్నాయి. నెమ్మదిగా నడిచి దాటిపోవచ్చు, ఒక్క తూటా కూడా ఖర్చు కాదు. "అక్కా, గుండె ఆగిపోతోంది" అంటున్నాడు మా తమ్ముడు. ఆగనీ, మీట మాత్రం మెల్లగా నొక్కు.

[తెర: రివాల్వర్ తెరిచిన దగ్గరి దృశ్యం.]

రీలోడ్‌ను ఇంకా లోతుగా అనుభవించాలనుకుంటే 2023లో ఫ్రిక్షనల్ సంస్థ తెచ్చిన అమ్నీసియా: ద బంకర్ ఆడండి. మొదటి ప్రపంచ యుద్ధం నాటి ఫ్రెంచి కందకాల కింద ఒక సైనికుడు చిక్కుకుపోతాడు. తెర మీద తూటాల అంకె ఉండదు. ఎన్ని మిగిలాయో తెలియాలంటే రివాల్వర్ తెరిచి కళ్లతో చూడాలి, తూటాలు ఒక్కొక్కటిగా ఎక్కించాలి. చేతి టార్చి తాడు లాగితే వెలుగుతుంది, ఆ చప్పుడుకు అక్కడ తిరిగే మృగం వస్తుంది. తుపాకీ పేలినా వస్తుంది. ఈ తరహా ఆటల్లో నాకు అన్నిటికంటే నచ్చింది ఇదే. కాల్చినన్నిటినీ మనసులో లెక్కపెట్టుకునే అలవాటు ఇది నేర్పినంత బాగా మరేదీ నేర్పదు. ఆ అలవాటు వచ్చాక అంకె కనిపించే ఆటల్లో కూడా మీ కళ్లు మూలకు పోవు, శత్రువు మీదే ఉంటాయి.

మెట్రో 2033 సంగతి క్లుప్తంగా. 2010లో వచ్చింది. అందులో సైనిక నాణ్యత గల తూటాలే డబ్బు. వాటిని కాల్చితే దెబ్బ గట్టిగా తగులుతుంది, మీ డబ్బూ కరిగిపోతుంది. ద లాస్ట్ ఆఫ్ అస్ లో మందుకట్టు కట్టాలన్నా, మంట సీసా చేయాలన్నా అవే గుడ్డపేలికలు, అదే ఆల్కహాలు. రెండు చోట్లా ప్రశ్న ఒకటే, ఉన్నది దేని మీద పెడతారు?

[తెర: శత్రువు పడిన చోట మెరుస్తున్న తూటాల పెట్టె.]

దాచుకునేవాళ్లతో ఒక మాట. ఆట ఆఖరికి వచ్చేసరికి పెట్టె నిండా తూటాలు మిగిలినవాళ్లను చూశాను. బాగా ఆడామనుకుంటారు. నేనైతే ఒప్పుకోను. తప్పించుకోదగ్గ కాట్లన్నీ తిని, మూలికలన్నీ మింగి, తూటాలు మిగుల్చుకున్నారు. చాలా ఆటలు మీ సంచి చూసే సరఫరా చేస్తాయి. 2005 నాటి రెసిడెంట్ ఈవిల్ 4 లో మీ దగ్గర ఏది తక్కువైతే దాన్ని శత్రువులు ఎక్కువగా వదులుతారు. డెడ్ స్పేస్‌లో మీరు మోస్తున్న ఆయుధాలకు తగిన తూటాలే పడతాయి. అందుకే ప్లాస్మా కట్టర్ అనే ఆయుధం ఒక్కటే పట్టుకుని ఆట పూర్తి చేసేవాళ్లున్నారు. మీరు దాస్తున్నంతసేపూ ఆట కూడా చేయి బిగపడుతుంది.

రెసిడెంట్ ఈవిల్ 4 లో మరొకటి చెప్పకుండా ఉండలేను. ఆటలో ఆయుధాలు అమ్మే వ్యాపారి దగ్గర డబ్బిచ్చి తుపాకీలో తూటాలు పట్టే సామర్థ్యం పెంచితే అది అక్కడే నిండుగా వస్తుంది. కాబట్టి డబ్బు చేతిలో ఉన్నా వెంటనే కొనకండి. తుపాకీ పూర్తిగా ఖాళీ అయ్యేదాకా కాల్చి, అప్పుడు సామర్థ్యం పెంచుకోండి. ఒక నిండు తుపాకీ తూటాలు ఉచితం. మోకాలికి కాల్చి దగ్గరికి వెళ్లి తన్నడం కూడా ఆ ఆటలో నేర్చుకోవాలి. ఒక తూటా, ఒక తన్ను, చుట్టూ ఉన్నవాళ్లందరూ కింద.

[తెర: విశాలమైన గది. వరసగా పెట్టెలు, పక్కనే సేవ్ చేసే చోటు.]

ఈ దృశ్యం గుర్తు పెట్టుకోండి. సేవ్ చేసే చోటు, అడగకుండానే దొరికిన షాట్‌గన్ తూటాలు, మూలికలు, ముందు పెద్ద తలుపు. ఇన్ని ఒకేచోట కనిపిస్తే తలుపు అవతల పెద్ద శత్రువు ఉన్నాడని అర్థం. ఇక్కడ ఉన్న ప్రతి ఆయుధాన్నీ నింపండి, పిస్టల్‌ను కూడా. పెద్ద తుపాకీ ఖాళీ అయినప్పుడు దాన్ని నింపుతూ నిలబడకండి, నిండుగా ఉన్న రెండో ఆయుధానికి మారండి. మారడానికి పట్టే సమయం నింపడానికి పట్టే సమయం కంటే చాలా తక్కువ. అవతలికి వెళ్లాక వెనకా ముందూ చూడకుండా ఖర్చు పెట్టండి. పోరు ముగిశాక షాట్‌గన్ తూటాలు రెండే మిగిలినా కంగారు పడనక్కర్లేదు. తర్వాతి గదుల్లో ఆట మళ్లీ ఇవ్వడం మొదలుపెడుతుంది.