కొండ కింద నీరు, కొండ మీద మంచు

శ్రోతలకు నమస్కారం.

అగ్నిపర్వతం అనగానే అందరికీ నిప్పే గుర్తొస్తుంది. పేరులోనే అగ్ని ఉందాయె. నేను మాత్రం ఈ కాసేపూ నీళ్ళ గురించి మాట్లాడతాను. ఎందుకో మీకే తెలుస్తుంది.

దక్షిణ అమెరికా పటాన్ని ఒకసారి మనసులోకి తెచ్చుకోండి. పడమటి ఒడ్డు పొడుగునా దాదాపు 7,000 కిలోమీటర్లు సాగిన కొండల వరస ఆండీస్. దాని పక్కనే పసిఫిక్ మహాసముద్రం. ఆ సముద్రం అడుగున నాజ్కా ఫలకం అనే పెద్ద రాతి పలక ఉంది. అది తూర్పుకు జరుగుతూ, ఖండాన్ని మోస్తున్న పలక కిందికి దూరిపోతోంది. ఎంత వేగంతో అంటారా? మూడేళ్ళకు సుమారు ఒక జానెడు. అంతే. కానీ కోట్ల ఏళ్ళుగా ఆగకుండా!

చిన్నప్పుడు నేను భూమి లోపలంతా సలసల కాగే ద్రవమనీ, కొండకు చిల్లు పడితే అది పైకి చిమ్ముతుందనీ అనుకునేదాన్ని. అది తప్పని తెలిశాక ఒకటే ఆశ్చర్యం. మన కాళ్ళ కింద మాంటిల్ అనే పొర ఉంది చూడండి, అది ఎంత కాలిపోతున్నా చాలావరకు గట్టి రాయే. పైనున్న బరువు దాన్ని కరగనివ్వదు. మరి కరిగించేది ఎవరు? నీళ్ళు!

సముద్రం అడుగున కోట్ల ఏళ్ళు నానిన పలక కదా, దాని ఖనిజాల్లో నీరు ఇమిడిపోయి ఉంటుంది. పలక కిందికి దిగేకొద్దీ వేడి, ఒత్తిడి పెరుగుతాయి. సుమారు 100 కిలోమీటర్ల లోతుకు చేరేసరికి ఆ నీరు పిండినట్టు బయటికొచ్చి, పైనున్న వేడి రాతిలోకి ఎక్కుతుంది. మంచుగడ్డ మీద ఉప్పు చల్లితే ఏమవుతుంది? అంత చలిలోనూ కరుగుతుంది. ఇక్కడ ఉప్పు చేసే పని నీరు చేస్తుంది. అప్పటిదాకా కరగని రాయి, అదే వేడికి కరగడం మొదలుపెడుతుంది. అలా పుట్టిన మాగ్మా తేలిక కాబట్టి పైకి వస్తుంది. వస్తూ వస్తూ నీటిని కూడా తనలో కలుపుకుని వస్తుంది. పైకొచ్చి ఒత్తిడి తగ్గగానే ఆ నీరు ఆవిరై, మూత తీసిన సోడా సీసాలా పొంగుతుంది. ఆండీస్ కొండలు అంత భీకరంగా పేలడం అందుకే.

దీనికి నాకు బాగా నచ్చిన సాక్ష్యం ఒకటుంది. పెరూలో చాలా భాగంలో, చిలీ నడుమ ఒక భాగంలో కొండలున్నాయి, భూకంపాలున్నాయి, కానీ రగిలే అగ్నిపర్వతాలు లేవు. అక్కడ పలక ఏటవాలుగా దిగకుండా, ఖండం కింద దాదాపు చాపలా పరుచుకుని పోతోంది. నీరు ఉన్నా, అది ఎక్కడానికి పైన తగినంత వేడి రాయి లేదు. పొయ్యే లేదన్నమాట.

సరే, ఇప్పుడు అసలు కథకు వస్తాను. కొలంబియాలో నెవాడో దెల్ రూయిస్ అనే అగ్నిపర్వతం ఉంది. ఎత్తు 5,300 మీటర్ల పైమాటే. భూమధ్యరేఖకు దగ్గరే అయినా ఆ ఎత్తులో నెత్తిన మంచు ఉంటుంది. కొండ కింద నీరు, కొండ మీద మంచు. గుర్తుపెట్టుకోండి.

1985 నవంబరు 13. మధ్యాహ్నం ఆ కొండ బూడిద చిమ్మింది. కింద లోయ మొదట్లో అర్మేరో అనే ఊరు, పత్తి పంటకు పేరుపడ్డది. సాయంత్రానికి ఊరి మీద బూడిద రాలింది. స్థానిక రేడియోలో కంగారు పడకండి, ఇళ్ళలోనే ఉండండి అన్నారు. మైకు ముందు కూర్చుని ఈ మాట చెప్పడం నాకు కాస్త కష్టంగానే ఉంది. ఏ లోయలకు ప్రమాదముందో చూపే పటాన్ని అంతకు నెల ముందే శాస్త్రజ్ఞులు తయారుచేశారు. అర్మేరో అందులో ఉంది.

రాత్రి తొమ్మిది దాటాక కొండ పేలింది. చెప్పుకోదగ్గంత పెద్ద పేలుడు కూడా కాదు. కానీ ఆ వేడి బూడిద, రాళ్ళు మంచు మీద పడి దాన్ని కరిగించాయి. నెత్తిన ఉన్న మంచులో కరిగింది పదో వంతే. ఆ పదో వంతు నీరే లోయల్లోకి దూకి, దారిలో మట్టినీ బండలనీ చెట్లనీ ఊడ్చుకుంటూ, తడి కాంక్రీటులాంటి బురదగా మారింది. దీన్ని లహార్ అంటారు, ఇండోనేషియా నుంచి వచ్చిన మాట. అది నది దారిలో 70 కిలోమీటర్లకు పైగా పరుగెత్తి, రాత్రి పదకొండున్నర ప్రాంతంలో అర్మేరోను చేరింది. అంటే రెండు గంటలకు పైగా వ్యవధి ఉంది. రెండు గంటలు! నడిచి వెళ్ళేంత దూరంలోనే మెట్ట నేల కూడా ఉంది. ఆ రాత్రి మొత్తం మీద 23,000 మంది దాకా చనిపోయారు.

ఇంకో సంగతి. 1845లో కూడా అదే కొండ నుంచి అదే దారిన బురద వచ్చింది. ఆ బురద ఎండిన నేల మీదే తర్వాత అర్మేరో వెలిసింది.

టైము అయిపోవస్తోంది, ఒక్క మాట చెప్పి ముగిస్తాను. మంచు కొండ ఉన్న లోయలో మీరెప్పుడైనా ఉంటే, లావా వస్తుందేమోనని కొండకేసి చూస్తూ కూర్చోకండి. లావా చాలావరకు నెమ్మది. భయపడాల్సింది నదికి. హెచ్చరిక వస్తే లోయ వెంబడి కిందికి పరుగెత్తినా లాభం లేదు, బురద మీకన్నా వేగం. పక్కకు తిరిగి గట్టు ఎక్కాలి. గట్టెక్కడం అని రోజూ ఎన్నిసార్లో అంటుంటాం. 2007లో అదే కొలంబియాలో నెవాడో దెల్ ఉయిలా అనే మరో మంచు కొండ పేలింది. నదుల్లోకి పెద్ద బురద వరదే వచ్చింది. ఈసారి నది ఒడ్డున ఉన్న వేలమంది ముందే ఎత్తైన చోట్లకు చేరుకున్నారు. గట్టెక్కారు, అక్షరాలా. నమస్కారం.